మహేంద్రగిరికి కావిళ్ల దారిలో

ఒడిశా గజపతి జిల్లాలోని మహేంద్రగిరి మీదికి ఇప్పుడు జీపు పోతుంది. కొయిన్‌పూర్ వైపు నుంచి ఘాట్ రోడ్డు పడ్డాక పర్లాకిమిడి వాళ్లు పొద్దున్నే బయల్దేరి, భీముడి గుడి దగ్గర ఫొటోలు దిగి, దీపాల వేళకి ఇంటికొచ్చేస్తున్నారు. అందులో తప్పేమీ లేదు, నేనూ అలా వెళ్లొచ్చినవాడినే. ఈసారి మాత్రం రోడ్డు రాకముందు ఈ కొండల సవర గిరిజనులు సంతకి దిగిన దారి పట్టుకుని ఎక్కి, అవతల మందస వైపు దిగుదామని బావా నేనూ అనుకున్నాం. జనవరి నెలాఖరు. వానలు వెళ్లిపోయి గెడ్డల్లో నీరు ఇంకా పారే రోజులు. ఈ కొండల్లో నడవడానికి ఇంతకన్నా మంచి కాలం లేదు.

బావ పాతపట్నంలో తెలుగు పంతులు, నేను పర్లాకిమిడిలో ఉంటాను. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడినప్పుడు మా ఊరు అటు పడింది, వాళ్ల ఊరు ఇటు మిగిలింది. మధ్యలో మహేంద్రతనయ. ఈ నది పుట్టింది మేం ఎక్కబోయే కొండల్లోనే. అదే పేరుతో ఇంకో నది అవతలి వాలు నుంచి దిగి బారువ దగ్గర సముద్రంలో కలుస్తుంది. మాది మాత్రం పర్లాకిమిడి మీదుగా వచ్చి వంశధారలో కలుస్తుంది.

గురువారం

అటవీశాఖ కచేరీలో కాగితం ముందే తీసుకున్నాం. 2022లో ఒడిశా ప్రభుత్వం మహేంద్రగిరిని జీవవైవిధ్య వారసత్వ స్థలంగా ప్రకటించింది. పైన రాత్రి ఉంటామంటే ఎవరు, ఎందుకు, ఎన్ని రోజులు అని అడుగుతారు. అడగాలి కూడా.

బస్సు మమ్మల్ని రాయగడ బ్లాకులో దింపింది. రాయగడ అనగానే రైలు జంక్షనున్న రాయగడ గుర్తొస్తుంది మనవాళ్లకి. ఇది అది కాదు, గజపతి జిల్లాలోనే ఉన్న ఒక బ్లాకు. అక్కణ్ణుంచి ఆటోలో, ఆటో పోనిచోట కాలినడకన, చీకటి పడేలోగా కొండ మొదట్లోని ఒక సవర ఊరు చేరాం. ఊరి పేరు రాయను. మాకు దారి చూపించినాయన ఇంటికి రేపు పదిమంది వెళ్లి తలుపు తట్టడం నాకిష్టం లేదు.

సంచుల్లో బియ్యం, అటుకులు, బెల్లం, వేరుశెనగ గుళ్లు, ఒక గిన్నె, టార్పాలిను, దుప్పట్లు, తాడు, మనిషికి మూడు లీటర్ల నీళ్లు పట్టే సీసాలు. దోమతెర కూడా. ఈ కొండలకి మలేరియా పాత చుట్టం. 2017లో ఒడిశా ప్రభుత్వం దమన్ పేరుతో మారుమూల ఊళ్లకి వెళ్లి పరీక్షలు చేయడం మొదలుపెట్టాక బాగా తగ్గింది గానీ దోమ దోమే. గిడుగు రామమూర్తి పంతులు గారు పర్లాకిమిడి రాజావారి బడిలో పాఠాలు చెబుతూ, సవర భాష నేర్చుకోవడానికి ఈ కొండల్లోనే తిరిగారు. మలేరియా పట్టుకుంది, దానికి మింగిన క్వినైన్‌తో వినికిడి పోయింది. బావ తెలుగు పంతులు కాబట్టి ఈ సంగతి చెప్పకుండా దోమతెర మడవడు.

మాకు దారి చూపడానికి ఒప్పుకున్నాయనకి అరవై దాటి ఉంటాయి. మావా అని పిలిచాం. పడుచు వయసులో కందులు, చింతపండు, అల్లం కావిట్లో వేసుకుని పర్లాకిమిడి సంతకి దిగినవాడు. సవర, ఒడియా, తెలుగు మూడూ వస్తాయి. ఆయన తెలుగు సంతలో నేర్చుకున్న తెలుగు, మా శ్రీకాకుళం యాసే.

"రోడ్డుంది కదా బాబూ, ఎందుకీ పాట్లు?" అన్నాడు.

"పాత దారి చూద్దామని, మావా."

"దారేటుంది ఇంకా? మనుషులు నడిచినన్నాళ్లూ మనుషుల దారి. ఇప్పుడు పందులు నడుస్తన్నాయి."

మనవడు పక్కనే మోటారుసైకిలు తుడుచుకుంటున్నాడు. ఇరవై ఏళ్ల గుంటడు. పైకి పాత దారి ఎటు పోతుందో ఆ గుంటడికి తెలీదు. తెలుసుకోవలసిన పనీ లేదు, రోడ్డు మీద పర్లాకిమిడి గంటన్నర.

శుక్రవారం

ఊరు దాటగానే మెట్ల పొలాలు. సవరల వ్యవసాయం గురించి వినేవాళ్లకి పోడు ఒక్కటే గుర్తొస్తుంది. వాళ్ల అసలు పనితనం ఈ మెట్లలో ఉంది. గెడ్డ వాలు పొడుగునా రాళ్లు పేర్చి, ఒక్కో గోడ మనిషి ఎత్తు దాకా లేపి, వెనక మట్టి నింపి, పై మడి నుంచి కింది మడికి నీళ్లు దింపుతారు. సున్నం లేదు, సిమెంటు లేదు. కోతలయ్యాయి కనుక గట్ల మీద నడిచాం. ఏటా ఎవరో ఒకరు జారిన రాయి ఎత్తి పెడతారు, కాబట్టి ఇక్కడి దారికి ఏ ఢోకా లేదు.

చిట్టచివరి మడి దాటాక కష్టం మొదలైంది. కొన్నేళ్ల కిందట పోడు కొట్టి వదిలేసిన జాగా అది. చెట్టు నీడ పోయి ఎండ పడ్డచోట అన్నిటికన్నా ముందు లేచేది లాంటానా. తోటల్లో అందానికని ఇంగ్లీషువాళ్ల కాలంలో తెచ్చిన మొక్క ఇప్పుడు కొండల్ని పట్టేసింది. మనిషెత్తు దాటిన కంప, ఒకదాని చేతిలో ఒకటి వేళ్లు దూర్చుకున్నట్టు అల్లుకుని ఉంటుంది. కత్తితో నరికితే నరికిన కొమ్మ కింద పడదు, పై కొమ్మలకి వేలాడుతుంది. అడవిపందులు అడుగున సొరంగాల్లా చేసుకున్న సందుల్లోంచి వంగి, ఒక్కోచోట పాకి వెళ్లాం. వీపు మీది సంచి ప్రతి కొమ్మకీ తగులుకుంటుంది. మావ తన మూటని చేత్తో ముందుకి తోసుకుంటూ పోయాడు. మేమూ అలాగే చేశాక కాస్త నడక సాగింది.

ఇక్కడే ఆయన ఒక కిటుకు చెప్పాడు. కంపలో దారి వెతక్కూడదు. పాత పోడు అవతల చెట్లు మొదలయ్యేచోట దారి మళ్లీ ఎక్కడ అడవిలో దూరుతుందో అది వెతకాలి. నీడ ఉన్నచోట కంప ఎదగదు కనుక దారి ఆనవాలు అక్కడ నిలిచి ఉంటుంది. మధ్యలో ఎలాగోలా పడి లేచి అక్కడికి చేరితే చాలు. నిజంగానే పెద్ద మామిడిచెట్టు కింద అడుగు వెడల్పున నేల గట్టిపడి, రెండుపక్కలా ఆకులు పోగుపడి, దారి స్పష్టంగా కనిపించింది. పక్కన నడుమెత్తు బండ. కావిళ్లు దించుకునే బండ అట. మావ దాని మీద చెయ్యేసి కాసేపు నిలబడి చుట్ట వెలిగించాడు.

ఆ తర్వాత నాకు ఈ దారి వేరేగా కనిపించసాగింది. కొండల్లో కాలిబాటలు వంద ఉంటాయి. మేకల బాట, పందుల బాట, కట్టెలకి పోయే బాట. అన్నీ ఒకేలా మొదలై, కొంతదూరం పోయాక ఒక్కో పొదలో కలిసిపోతాయి. వాటిలో కావిళ్ల దారిని గుర్తుపట్టడం ఎలా? కావిడి బద్ద మోసేవాడికి ముందొక బరువు, వెనకొక బరువు. నిటారుగా ఎక్కితే ముందు బుట్ట నేలకి తగులుతుంది. అందుకని ఈ దారి వాలుకి అడ్డంగా, మెల్లగా ఎత్తు పెంచుకుంటూ పోతుంది. మలుపు తిరిగేచోట బద్ద కొస చెట్టుకి కొట్టుకోకుండా లోపలివైపు ఖాళీ ఉండాలి. ఎక్కడైనా బాట నిటారుగా పైకి లాగిందా, అది మేకలది, వదిలెయ్యి. దారిపక్క పెద్ద చెట్ల మొదళ్ల మీద పాత కత్తిగాట్లు కూడా చూపించాడు. గాటు అంచులు ఉబ్బి మూసుకుపోయి ఉంటే ఏనాటిదో. పచ్చిగా, జిగురు కారుతూ ఉంటే నిన్నా మొన్నా ఎవరో వేరే పనిమీద వచ్చిపోయినట్టు. సంతకి పోయే రోజుల్లో ప్రతివాడూ నడుస్తూ నడుస్తూ అడ్డొచ్చిన కొమ్మని ఒక వేటు వేసి పోయేవాడట. దారి బాగుచేసే పని వేరే ఎవరి చేతా చేయించనక్కర్లేకపోయింది.

బావ ఫోనులో పటం తెరిచాడు. అందులో చుక్కల గీత ఒకటి గెడ్డకి ఎడమపక్క పోతోంది. మావ కుడిపక్క అంటున్నాడు. చెట్ల కింద, లోతు లోయలో, ఫోను మనం నిలబడ్డ చోటుని కూడా ఒకచోట ఉంచదు, నీలం చుక్క అటూ ఇటూ గెంతుతుంది. ఈలోగా ఆంధ్రప్రదేశ్‌లోకి స్వాగతం అని సందేశం వచ్చింది. ఒడిశాలో నిలబడి ఉన్నాం. కుడిపక్కే వెళ్లాం. ఎటు వద్దనుకున్నామో ఆ బాటకి అడ్డంగా మావ ఒక పచ్చికొమ్మ విరిచి పడేశాడు. వెనక వచ్చేవాళ్లెవరూ లేరు, అలవాటు.

గెడ్డ దాటేచోట నల్లగా నిగనిగలాడే రాళ్ల మీద కాలు పెట్టొద్దన్నాడు. తెల్లగా, గరుగ్గా ఉన్న రాయి ఎంత చిన్నదైనా నమ్మొచ్చు. మోకాలిలోతు నీళ్లలో ఇసుక మీద నడవడం రాళ్ల మీద గెంతడం కన్నా మేలు. బూట్లు తడుస్తాయని జంకితే నడుం విరుగుతుంది.

దాటి ఒడ్డెక్కుతుంటే బావ ఎండిన తీగ ఒకటి పట్టుకున్నాడు. దూలగొండి. జనవరి, ఫిబ్రవరిలో కాయలు ఎండి, మీదున్న నూగు గాలికి కూడా రాలుతుంది. ఒక్క నిమిషంలో చెయ్యి మోచేతిదాకా ఎర్రబడింది. "గోకొద్దు బాబూ, గోకితే ఇంకా పాకుతాది," అని మావ గెడ్డ అంచున మెత్తటి బంకమన్ను తీసి చేతినిండా మెత్తాడు. ఆరాక పెచ్చులుగా లాగేశాడు. మళ్లీ మెత్తాడు. నూగు మట్టితో పాటు వచ్చేసింది. దురద మాత్రం చీకటిదాకా పోలేదు. ఆ దారిన పొడుగు చేతుల చొక్కా వేసుకోకుండా పోవద్దని ఎవరికైనా చెబుతాను.

మధ్యాహ్నానికి చరియ దగ్గరికి వచ్చాం. 2018 అక్టోబరు 11న తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు శ్రీకాకుళంలో కొబ్బరి, జీడి తోటలు నేలకొరగడం అందరికీ గుర్తుంది. ఆ వాన ఈ కొండల మీద కురిసిన సంగతి అంతగా తెలీదు. గజపతి జిల్లా బరఘర ఊళ్లో కొండచరియ కింద జనం సమాధయ్యారు. తూర్పు కనుమల్లో ఈ మేర ఉండేది ఎక్కువగా ఖొండలైట్ రాయి. ఖోండులనే గిరిజనుల పేరుమీదే దానికా పేరు పెట్టారు. ఎండకీ వానకీ మెత్తబడి ఎర్రమట్టిగా మారే గుణం దానిది. మట్టి నీళ్లు తాగి బరువెక్కితే, కింది రాయి మీంచి మొత్తం పొర జారుతుంది. మా ముందు అదే ఉంది. దారి ఒక అంచున ఆగిపోయి, ఎదురుగా అవతలి అంచున మళ్లీ మొదలవుతోంది. మధ్యలో ఎర్రటి వాలు, విరిగిన మొద్దులు, నిలకడలేని రాళ్లు.

అడ్డంగా దాటితే పది నిమిషాల పనిలా ఉంది. మావ ఒక రాయి తీసి విసిరాడు. అది దొర్లుతూ ఇంకో నాలుగు రాళ్లని వెంటపెట్టుకుపోయింది. "పైనుంచి తిరిగెల్దాం," అన్నాడు. అలా చుట్టి రావడానికి గంటన్నర పైనే పట్టింది. చరియ తలమీద మట్టి గట్టిగా ఉన్నచోట, ఒకరు దాటేదాకా ఇంకొకరు కదలకుండా, ఒకరి కింద ఒకరు లేకుండా దాటాం. సంచి నడుం పట్టీ విప్పేసుకున్నాం. జారితే సంచిని వదిలెయ్యాలి, దాంతోపాటు పోకూడదు. తాడు తీశాం గానీ వాడలేదు. కట్టడానికి నమ్మదగ్గ చెట్టే లేదక్కడ.

ఇలాంటి దారుల్లో కిలోమీటర్ల లెక్క పనికిరాదు. నడిచిన సమయం తక్కువ, నిలబడి చూసిన సమయం ఎక్కువ. అలసట కాళ్లకి కాదు, ప్రతి పదడుగులకీ ఇదేనా, కాదా అని తేల్చుకోవడంలో వస్తుంది. రోడ్డు మీద ఎక్కే పదిహేను కిలోమీటర్లు ఇంతగా అలుపు తెప్పించవు.

రాత్రికి పాత పశువుల శాల గోడలున్న చోట, ఊట పక్కన ఆగాం. నీళ్లు తేటగా ఉన్నా కాచుకునే తాగాం. మావ వాళ్ల చుట్టాల జీలుగు చెట్లు దగ్గర్లోనే ఉన్నాయట, చీకటిలో వెళ్లి సొరబుర్రతో కల్లు తెచ్చుకున్నాడు. బావ రెండు గుక్కలు తాగాడు, పంతులుగారి సంగతి ఇంతకన్నా రాయను. నిప్పు రాత్రంతా ఉంచాం. ఎలుగుబంట్ల భయానికి. ఏనుగులున్న లఖారి అడవి ఈ జిల్లాలోనే ఉంది, అక్కడి మంద ఒకటి శ్రీకాకుళం కొండల్లోకి దిగిపోయిన కథ మావ చాలాసేపు చెప్పాడు. ఎలుగంటే మాత్రం ఆయన గొంతు మారింది. "ఏనుగొస్తే తెలుస్తాది. ఎలుగు నీ కాళ్లకాడ లేస్తాది." పొద్దున కంప ఉన్నచోటల్లా ఆయన గట్టిగా దగ్గుతూ ఎందుకు నడిచాడో అప్పుడర్థమైంది.

శనివారం

పొద్దున్న దారి అనుకోకుండా బాగుంది. కారణం కొండచీపుర్లు. ఈ నెలల్లోనే గడ్డి పూత ముదురుతుంది, కోసి కట్టలు కట్టి అమ్ముతారు. ఆడవాళ్లు ఆరేడుగురు తలల మీద కట్టలతో ఎదురొచ్చారు. మమ్మల్ని చూసి మావని సవరలో ఏదో అడిగారు, అందరూ నవ్వారు. ఏమన్నారని అడిగితే ఆయన చెప్పలేదు. కొనేవాడున్న సరుకు ఉన్నంతమేర బాట శుభ్రంగా ఉంది. చీపురు గడ్డి అయిపోయినచోట బాటా అయిపోయింది.

పైన చెట్లు పొట్టిగా మారి, పచ్చికబయళ్లు వచ్చాయి. ఇక్కడ చిక్కు ఇంకో రకం. అడ్డేమీ లేదు, ఎటైనా నడవొచ్చు. అందుకే దారి లేదు. పది గంటల వేళ మంచు కమ్మితే ముందున్న మనిషి వీపు కూడా మాసిపోయింది. బావ నడుద్దామన్నాడు. మావ కూర్చున్నాడు. ఎండ మంచుని ఎత్తేదాకా కూర్చుని అటుకులు బెల్లం తిన్నాం. తర్వాత కూడా బయలు మధ్యలోంచి కాకుండా చెట్ల అంచు పట్టుకుని పోయాం. దూరం ఎక్కువే, కానీ ఎడంచేతి పక్క అడవి ఉన్నంతసేపూ ఎక్కడున్నామో తెలుస్తుంది.

శిఖరం 1501 మీటర్లు. చేరేసరికి జీపుల్లో వచ్చినవాళ్లు నూడుల్స్ వండుకుంటున్నారు. మట్టి కొట్టుకుపోయిన మమ్మల్ని చూసి ఒకాయన జాలిగా మంచినీళ్ల సీసా ఇచ్చాడు, తీసుకున్నాం.

భీముడి గుడి చిన్నది. చిన్న గుడికి అంత పెద్ద రాళ్లా అనిపిస్తుంది. కుంతి గుడి, ధర్మరాజు గుడి వేరే. పరశురాముడు తపస్సు చేసింది ఈ కొండ మీదే అని పురాణం. ముఖలింగం నుంచి ఏలిన తూర్పు గాంగులు తమ తామ్రశాసనాల్లో మహేంద్రగిరి మీది గోకర్ణస్వామిని, అంటే శివుణ్ణి, తలుచుకోకుండా మాట మొదలుపెట్టరు. 11వ శతాబ్దంలో రాజేంద్రచోళుడి విజయం గురించిన శాసనం కూడా ఈ గుళ్లలో ఉంది. ఇదివరకు జీపులో వచ్చినప్పుడు ఆ అక్షరాల ముందు నిలబడి నాకేమీ తోచలేదు. ఈసారి మాత్రం తమిళదేశం నుంచి వచ్చిన ఆ సైన్యం ఏ వాలున ఎక్కింది, కంప ఎవరు కొట్టారు, బియ్యం మూటలు ఎవరు మోశారు అనే ధ్యాసే పట్టుకుంది. శాసనంలో అవి ఉండవు.

రాత్రి యాత్రికుల రేకుల షెడ్డులో పడుకున్నాం. గాలికి రేకులు మోత. తెచ్చిన దుప్పట్లు చాల్లేదు, టార్పాలిను కూడా కప్పుకున్నాం.

ఆదివారం

తెల్లారి మబ్బు లేదు. తూర్పున పాతిక కిలోమీటర్ల దూరంలో సముద్రం సన్నటి గీతలా కనిపించింది.

మందస వైపు దిగుడు నిటారు. కావిళ్ల దారి కాదిది, శివరాత్రికి శ్రీకాకుళం జనం ఎక్కే దారి. భక్తులకి వాలు లెక్కలేదు, తొందరగా చేరాలి, అంతే. కానీ ఏటా వేలమంది నడుస్తారు కనుక దారి చెడదు. పండగ దగ్గరపడుతోందని కింది ఊళ్ల కుర్రాళ్లు అప్పుడే కంప కొట్టడం మొదలుపెట్టారు. మలుపుల దగ్గర బండల మీద సున్నం బొట్లు పెట్టారు. బొట్లు లేనిచోట కిందటేటి గుట్కా పొట్లాలు దారి చెప్పాయి. అవి చూసి తిట్టుకున్నాను, వాటిని పట్టుకునే దిగాను.

మోకాళ్ల సంగతి చెప్పుకోకపోతే అబద్ధమవుతుంది. ఎక్కేటప్పుడు ఊపిరి తీసుకుంటే సరిపోతుంది, దిగేటప్పుడు ఆగినా నొప్పి ఆగదు. రెండేసి కర్రలు నరుక్కుని, అడ్డంగా పాదం వేస్తూ, ఎండుటాకులున్నచోట కర్రతో ముందు తట్టి చూసి దిగాం. సాల ఆకుల కింద గులకరాళ్లుంటే కాలు ఇట్టే జారుతుంది. బావ రెండుసార్లు కూర్చున్నాడు, ఇష్టంతో కాదు.

ఒడిశా ఎక్కడ అయిపోయిందో తెలీలేదు. జీడితోటలు వచ్చాయి, ఒక ముసలావిడ మేకల్ని అదిలిస్తూ "ఏ ఊరు బాబూ మీది?" అంది, ఆంధ్రలో ఉన్నామనుకున్నాం. రోడ్డు మీద ఆటో దొరికింది. మందసలో కోవా కొనుక్కుని, కొట్టు ముందే నిలబడి తిన్నాం.

మావ మళ్లీ అదే దారిన నడిచి వెళ్తాడని బావ అనుకున్నాడు. "నాకేటి పిచ్చా?" అన్నాడాయన. మందస రోడ్డు స్టేషన్లో బండెక్కి, నౌపడలో మారి, గుణుపురం బండిలో పర్లాకిమిడి దిగితే మనవడు మోటారుసైకిలు తెస్తాడు. వచ్చే ఏడు మళ్లీ వస్తాం, తీసుకెళ్తావా అని అడిగాం. వస్తానన్నాడు గానీ షరతు పెట్టాడు. దసరా వెళ్లగానే ఆ పాత పోడు దగ్గర లాంటానా కొట్టించడానికి నలుగురు కూలీల డబ్బు ముందే పంపాలి. ఒక్కొక్కరికి ఎంతో చెప్పాడు, మధ్యాహ్నం భోజనం వేరే. బావ బేరమాడబోతే, "పందుల బొక్కల్లో దూరినప్పుడు గుర్తురాలేదా బాబూ?" అన్నాడు. ఆ రేటుకే ఒప్పుకున్నాం.